మచ్చలను కప్పే లేపనములు: ఒక చరిత్ర, కొన్ని హెచ్చరికలు

ముఖముపై మచ్చలను, కళ్ళ క్రింద నలుపును, మొటిమల ఎరుపును, పుట్టుమచ్చలను కనపడకుండా చేయుటకు వాడే చిక్కని రంగు లేపనమును నేడు కన్సీలరు అంటున్నారు. సాధారణముగా ముఖమంతటా పూసుకొనే ఫౌండేషన్ పలుచగా ఉంటుంది. కన్సీలరులో వర్ణక పదార్థము ఎక్కువ. అందువలన కొద్దిపాటి పూతతోనే అడుగున ఉన్న రంగు మరుగున పడుతుంది.

వైద్యునికి అలంకరణ వస్తువులతో ఏమి పని అని పాఠకులకు సందేహము కలుగవచ్చు. నేను వైద్యవృత్తిలో ఉన్న కాలములో చర్మవ్యాధితో వచ్చినవారిలో చాలామంది మొదట అడిగిన ప్రశ్న “ఇది తగ్గుతుందా?” అని కాదు. “ఇది నలుగురికీ కనపడకుండా ఉండేదెలా?” అని అడిగేవారు. ఆ ప్రశ్న చాలా పాతది. దానికి మానవజాతి వెదకిన సమాధానములలో కొన్ని ప్రాణము తీశాయి, కొన్ని బ్రతుకును నిలిపాయి. ఆ రెంటికీ గల తేడా తెలుసుకొనుటకే ఈ వ్యాసము.

వేదకాలపు రంగు

చర్మముపై తెల్లమచ్చలను కప్పే ప్రయత్నము మన దేశములో అతి ప్రాచీనమైనది. అథర్వవేదము మొదటి కాండములో కిలాసము అనే తెల్లమచ్చల వ్యాధిని, నెరసిన వెండ్రుకలను గురించిన సూక్తములు ఉన్నాయి. రాత్రి పుట్టిన నల్లని ఓషధిని సంబోధించి, ఈ తెల్లమచ్చకు నీ రంగు పట్టించమని అందులో ప్రార్థన ఉంది. వ్యాధిని పోగొట్టమని కోరుటతో పాటు రంగు వేయమని కోరుట గమనించదగినది. చికిత్స, అలంకరణ ఆనాడు వేరువేరు కావు.

తరువాతి కాలములో మన వైద్యులు తెల్లమచ్చలకు బావంచాలను విరివిగా వాడారు. బావంచ గింజలలో సోరాలెన్ జాతి రసాయనములు ఉన్నాయి. అవి చర్మముపై ఉండగా ఎండ తగిలితే వర్ణకణములు ఉత్తేజితమవుతాయి. ఈజిప్టులో నైలు నది తీరమున పెరిగే మరొక మొక్కను అక్కడివారు ఇదే విధముగా వాడేవారు. ఆ మొక్క నుంచి వేరుచేసిన సోరాలెన్‌ను బొల్లి మచ్చలకు ప్రయోగించి, 1948లో కైరో నగరపు చర్మవైద్యుడు ఎల్ మోఫ్తీ ఫలితములను ప్రకటించాడు. నేటి కాంతి చికిత్సలకు అది పునాది అయింది. అయితే మోతాదు తెలియకుండా బావంచాలు నూరి పూసుకొని ఎండలో కూర్చొంటే చర్మము కాలి బొబ్బలెక్కుతుంది. ప్రాచీనమైనది కనుక ప్రమాదము లేనిదని అనుకోరాదు.

రోము నగరపు అతుకులు, ఐరోపా సీసము

క్రీస్తుశకము మొదటి శతాబ్దపు రోమను కవి మార్షియల్ ఒక ధనికుని ఎగతాళి చేశాడు. ఆ ధనికుడు నాటకశాలలో ముందు వరుసన విలువైన దుస్తులతో కూర్చొంటాడు, కాని నుదుటిపై అతుకులు అంటించుకొని ఉంటాడు. ఆ అతుకులను ఊడదీస్తే అతడు ఒకప్పుడు బానిస అని తెలిపే ముద్ర బయటపడుతుంది. మనుష్యులు దాచుకొనేది చర్మముపై మచ్చను మాత్రమే కాదు, ఆ మచ్చను చూచి లోకము తమపై వేసే వెలను కూడా.

పదహారవ శతాబ్దము నుంచి పద్దెనిమిదవ శతాబ్దము వరకు ఐరోపా సంపన్నుల ముఖములను ఏలినది తెల్లసీసము. సీసపు రేకులను వినిగరు ఆవిరికి గురిచేసి తయారుచేసే ఈ తెల్లని పొడి చర్మముపై మెత్తగా పరచుకొని, ఎంతటి మచ్చనైనా కప్పేది. ఇంగ్లండు రాణి మొదటి ఎలిజబెత్‌కు 1562లో మశూచి సోకింది. ఆ తరువాత ఆమె ముఖమునకు సీసపు లేపనము వాడేదని చెబుతారు. ఆ కాలములో మశూచి గుంటలు లేని ముఖములు అరుదు. గుంటలను కప్పుటకు కొందరు నల్లని పట్టు గుడ్డను, మఖమలును చంద్రవంకలుగా, నక్షత్రములుగా కత్తిరించి బుగ్గలకు అంటించుకొనేవారు. మచ్చను దాచుటకు మొదలైన ఆ అతుకులు కొంతకాలమునకు మచ్చలు లేనివారికి కూడా సింగారమయ్యాయి.

సీసము విషము. అది నోటి ద్వారా, పుండ్ల ద్వారా కొద్దికొద్దిగా శరీరములో చేరి ఎముకలలో నిలువ ఉంటుంది. రక్తహీనత, కడుపులో నొప్పి, మలబద్ధకము, మూత్రపిండముల హాని, నరముల బలహీనత కలిగిస్తుంది. పైగా చర్మమును పాడుచేసి కొత్త మచ్చలను తెస్తుంది. వాటిని కప్పుటకు మరింత మందముగా పూసేవారు. అందగత్తెగా పేరుపొందిన కవెంట్రీ కౌంటెస్ మరియా 1760లో 27 ఏళ్ళకే మరణించింది. ఆమె మరణమునకు సీసపు లేపనములే కారణమని చాలామంది భావించారు. క్షయ అన్నవారు కూడా ఉన్నారు. ఏది ఏమైనా, మచ్చను కప్పే వస్తువే మచ్చను పెంచే ఈ విషవలయమును చరిత్రలో పదేపదే చూస్తాము.

మశూచి మచ్చలను నిజముగా తొలగించినది ఏ లేపనమూ కాదు. 1796లో ఎడ్వర్డు జెన్నర్ ప్రయోగించిన టీకా ఆ పని చేసింది. 1802లో బొంబాయిలో ఒక మూడేళ్ళ పాపకు వేసిన టీకా మన దేశములో మొదటిది. భారతదేశములో చివరి మశూచి కేసులు 1975లో నమోదయ్యాయి. 1980లో ప్రపంచ ఆరోగ్య సంస్థ భూగోళమంతటా ఆ వ్యాధి అంతరించినదని ప్రకటించింది. “అమ్మవారు పోసిన” గుంటల ముఖములను మా తరము వారు ఊరూరా చూచాము. నేటి పిల్లలు చూడలేదు.

యుద్ధము, ముఖము

మొదటి ప్రపంచయుద్ధములో కందకముల పైకి తల ఎత్తిన సైనికులకు ముఖములపై ఘోరమైన గాయములు తగిలాయి. ఇంగ్లండులోని సిడ్‌కప్‌లో 1917లో తెరచిన ఆసుపత్రిలో హెరాల్డు గిల్లీస్ అనే శస్త్రవైద్యుడు చర్మమును, ఎముకను అతికి ముఖములను పునర్నిర్మించాడు. శస్త్రచికిత్సతో బాగుకాని వారికి లండనులో డెర్వెంట్ వుడ్, పారిస్‌లో ఆనా కోల్మన్ లాడ్ అనే శిల్పులు పలుచని లోహపు ముసుగులు చేశారు. గాయపడకముందు తీసిన ఛాయాచిత్రమును ముందుంచుకొని ముసుగును మలచి, ఆ సైనికుడు దానిని ధరించి ఉండగానే అతని చర్మపు రంగు వేసేవారు.

ఆ పనిలో వారికి ఎదురైన చిక్కు నేడు కన్సీలరు కొనే ప్రతివారికీ ఎదురవుతుంది. మబ్బు పట్టిన రోజున సరిపోయిన రంగు మంచి ఎండలో పాలిపోయి బూడిదరంగుగా కనిపించేది. అందుచేత రెంటికీ నడుమనున్న రంగును ఎంచుకొనేవారు. ఆ ముసుగులు నవ్వలేవు, ముడతలు పడలేవు. అయినా వాటితో కొందరు రైలు ఎక్కగలిగారు, పనికి వెళ్ళగలిగారు.

ఒక పుట్టుమచ్చ, ఒక పేటెంటు

అమెరికాలో లిడియా ఓలేరీ అనే యువతి ముఖముపై ద్రాక్షసారాయి రంగు పుట్టుమచ్చతో జన్మించింది. చర్మపు సూక్ష్మ రక్తనాళములు పుట్టుకతోనే వెడల్పుగా ఉండుట వలన ఇట్టి మచ్చలు కలుగుతాయి. చదువు ఉన్నా ఆ మచ్చ కారణముగా ఆమెకు ఉద్యోగములు దొరకలేదు. బొమ్మకు రంగులు వేస్తూ, ఒక రంగుపై మరొక రంగు వేసి అడుగు రంగును కప్పగలిగినప్పుడు చర్మముపై ఎందుకు కప్పరాదు అనే ఆలోచన ఆమెకు కలిగినదని చెబుతారు. 1928లో ఆమె కవర్‌మార్క్ అనే లేపనమును తయారుచేసింది. 1932లో దానికి పేటెంటు లభించింది. మచ్చ ఉన్న మనిషి తన అవసరమునకు తానే కనిపెట్టిన లేపనము అది.

ఇదే కాలములో చలనచిత్రములు మరొక దారి తెరిచాయి. పోలండులో పుట్టి 1904లో అమెరికాకు వలసవెళ్ళిన మాక్స్ ఫాక్టర్, 1914లో నటుల కొరకు ముఖము కదిలినా పగుళ్ళు పడని పలుచని లేపనమును చేశాడు. రంగుల చిత్రములు వచ్చాక వాటికి తగిన పాన్‌కేక్ వచ్చింది. ఆయన మరణానంతరము 1954లో ఆ సంస్థ ఇరేస్ అనే పేరుతో లిప్‌స్టిక్కు వంటి కడ్డీ రూపములో కన్సీలరును అమ్మకమునకు పెట్టింది. సామాన్య గృహిణి చేతిసంచిలోనికి కన్సీలరు ప్రవేశించినది ఆ రోజులలోనే.

ఈ మార్పు వెనుక ఒక రసాయనపు పాత్ర ఉంది. 1916 ప్రాంతమున నార్వేలోను, అమెరికాలోను టైటానియమ్ డయాక్సైడును పెద్ద ఎత్తున తయారుచేయుట మొదలైంది. తెల్లసీసము కంటె బాగా కప్పగల ఈ తెల్లని పొడి చర్మములోనికి ఇంకదు, సీసము వలె విషము కాదు. దానికి ఎరుపు, పసుపు, నలుపు ఇనుప ఆక్సైడులను తగుపాళ్ళలో కలిపితే ఏ మానవ చర్మపు రంగునైనా తేవచ్చును. నేటి కన్సీలరులలో చాలావాటికి మూలసరుకులు ఇవే.

1975లో బ్రిటిష్ రెడ్‌క్రాస్ సంస్థ మచ్చలను కప్పుకొనుట నేర్పే సేవను ప్రారంభించింది. శిక్షణ పొందిన స్వచ్ఛంద సేవకులు బొల్లి, కాలిన మచ్చలు, పుట్టుమచ్చలు గలవారికి తగిన రంగును ఎంచి, పూసుకొనే పద్ధతిని నేర్పేవారు. మచ్చను కప్పుకొనుట డాబు కాదని, కొందరికి అది నలుగురిలోనికి రాగలుగుటకు ఊతకర్ర అని వైద్యలోకము అంగీకరించుటకు ఇటువంటి సేవలు తోడ్పడ్డాయి.

అమెరికాలోని సిన్సినాటిలో పరిశోధన చేస్తున్న ఈవా విట్‌గెన్‌స్టైన్ అనే శాస్త్రవేత్త 1950 దశకములో ఒక జీవక్రియ వ్యాధి గల పిల్లలకు డైహైడ్రాక్సీ ఎసిటోన్ అనే చక్కెర వంటి పదార్థమును త్రాగించేది. పిల్లలు ఒలకబోసుకొన్న చోట చర్మము గోధుమరంగుగా మారింది కాని బట్టలకు మరక పడలేదు. ఆమె దానిని తన చర్మముపై పరీక్షించుకొంది. ఆ పదార్థము చర్మపు పైపొరలోని మృతకణముల మాంసకృత్తులతో కలిసి రంగునిస్తుంది. ఆ పొర రాలేవరకు, అనగా సుమారు 5 నుంచి 7 రోజులు, ఆ రంగు నిలుస్తుంది. బొల్లి మచ్చలు గలవారికి ఇది ఒక మార్గమయింది. అయితే ఆ రంగు ఎండ నుంచి తగిన రక్షణ ఇవ్వదు కనుక సన్‌స్క్రీను తప్పక వాడాలి.

ఎంచుకొనుట, వాడుట

ఫ్రాన్సులో అద్దకపు కర్మాగారమునకు అధికారిగా ఉన్న షెవ్రుల్ అనే రసాయన శాస్త్రవేత్త 1839లో రంగుల పొందికపై ఒక గ్రంథము ప్రచురించాడు. రంగుల చక్రములో ఎదురెదురుగా ఉండే రంగులను గురించి చిత్రకారులు, అద్దకపువారు దాని నుంచి ఎంతో నేర్చుకొన్నారు. అట్టి రంగులను కలిపితే ఒకదానినొకటి మాపుకొంటాయి. రంగు కన్సీలరుల కిటుకు ఇదే. మొటిమల ఎరుపుకు లేత ఆకుపచ్చ, కళ్ళ క్రింద నీలి నలుపుకు నారింజ లేక పీచు పండు రంగు, ఊదారంగు కమిలికకు పసుపు పనికివస్తాయి. మన వంటి చామనచాయ చర్మమునకు కళ్ళ క్రింద లేత తెలుపు పూస్తే బూడిద పూసినట్లుంటుంది. అక్కడ నారింజ ఛాయయే సరియైనది. కంటి క్రింద గుంట వలన పడే నీడను మాత్రము ఏ రంగూ మాపలేదు.

రంగును అంగడి దీపముల క్రింద కాక పగటి వెలుతురులో, చేతిపై కాక దవడ అంచున పూసి చూసుకోవాలి. చర్మమునకు సరిపోయినది కొనాలి కాని, చర్మము కంటె తెల్లనిది కొనరాదు. క్రొత్త లేపనమును మోచేతి మడతలో కొద్దిగా పూసి రెండు మూడు రోజులు దురద, ఎరుపు వస్తాయేమో గమనించాలి. మొటిమలు గలవారు రంధ్రములను పూడ్చనిదని సూచించిన నూనె తక్కువ లేపనమును వాడాలి.

ముందుగా ముఖము కడిగి, తేమ లేపనము, పిదప సన్‌స్క్రీను పూసి అవి ఇంకిన తరువాత కన్సీలరును చుక్కలుగా పెట్టాలి. ఉంగరపు వేలితో రుద్దకుండా మెల్లగా అద్దాలి. పలుచగా రెండు పూతలు ఒక మందపు పూత కంటె మేలు. రాత్రి తప్పక తొలగించాలి. పచ్చి పుండ్లపై, చీము పట్టిన మొటిమలపై పూయరాదు. ఒకరిది మరొకరు వాడరాదు. వాసన, చిక్కదనము మారితే పారవేయాలి.

కప్పే వస్తువే మచ్చ అయినప్పుడు

సీసపు కాలము ముగిసినా విషవలయము ముగియలేదు. మన ఇండ్లలోని ఒక ఉదాహరణ చెబుతాను. కొన్ని బొట్టుబిళ్ళల జిగురులో ఉండే ఒక ఫీనాల్ రసాయనము వర్ణకణములను చంపి నుదుట తెల్లమచ్చను తెస్తుందని భారతీయ చర్మవైద్యులు ఏనాడో గుర్తించారు. ఆ మచ్చ కనపడకుండా పెద్ద బొట్టుబిళ్ళ పెట్టుకొంటారు. మచ్చ ఆ మేరకు పెరుగుతుంది. బిళ్ళ మానివేసిన తొలిరోజులలోనే వస్తే చాలామందికి రంగు తిరిగివస్తుంది. జపానులో చర్మమును తెల్లబరచే ఒక పదార్థము వేలమందికి తెల్లమచ్చలు తెచ్చుటచేత 2013లో ఆ వస్తువులను వెనుకకు తీసుకొన్నారు. కేరళలోని మలప్పురం జిల్లాలో పాదరసము కలిసిన తెలుపు క్రీముల వలన మూత్రపిండములు చెడిన రోగులను 2023లో వైద్యులు కనుగొన్నారు. తయారీదారుని పేరు, చిరునామా, లైసెన్సు సంఖ్య, పదార్థముల పట్టిక లేని డబ్బాను ఎంత చవకైనా కొనవద్దు.

మచ్చ తగ్గుటకని మందుల దుకాణములో అడిగి తెచ్చుకొనే స్టీరాయిడు లేపనములు మరొక ప్రమాదము. మొదట ముఖము నిగనిగలాడుతుంది. నెలలు గడిచేసరికి చర్మము పలుచబడి, ఎర్రబడి, మొటిమలు, రోమములు వస్తాయి. 2018లో ప్రభుత్వము ఇట్టి పలు లేపనములను వైద్యుని చీటీ లేనిదే అమ్మరాదని షెడ్యూల్ హెచ్‌లో చేర్చింది. అయినా అవి చేతికి అందుతూనే ఉన్నాయి.

కప్పుకొనే ముందు చూపించుకోవాలి

ఉద్యోగ విరమణకు కొన్ని సంవత్సరముల ముందు ఒక తల్లి తన కుమార్తెను తీసుకొని నా దగ్గరకు వచ్చింది. అమ్మాయికి పెళ్ళి కుదిరింది. ఎడమ కంటి నుంచి నీరు కారుతోందని వచ్చారు. ముఖముపై లేపనము చక్కగా అమరి ఉంది. “అమ్మా, ఒకసారి ముఖము కడుక్కొని రా తల్లీ” అన్నాను. ఆ పిల్ల తల్లి వైపు చూచింది. కడుక్కొని వచ్చాక, ఎడమ చెంపపై కంటి దిగువన వెలిసినట్లున్న, అంచులు కొంచెము ఎర్రగా ఉన్న పొడి మచ్చ కనిపించింది. కళ్ళు గట్టిగా మూయమంటే ఎడమ రెప్ప పూర్తిగా మూతపడలేదు.

“ఎన్నాళ్ళుగా ఉందమ్మా?”

“ఎనిమిది నెలలండీ. బొల్లేమోనని భయపడి, పెళ్ళయ్యేదాకా ఎవరి కంటా పడకుంటే చాలనుకున్నాము డాక్టరు గారూ” అంది తల్లి.

అది బొల్లి కాదు, కుష్టు. బొల్లి అంటువ్యాధి కాదు, స్పర్శను హరించదు, మచ్చ పాలవలె తెల్లగా ఉంటుంది. కుష్టు మచ్చ వెలిసినట్లుంటుంది, పూర్తిగా తెల్లబడదు. చాలాచోట్ల అక్కడ స్పర్శ తగ్గుతుంది, కాని ముఖముపై స్పర్శ మిగిలి ఉండవచ్చు. అందువలన ముఖముపై మచ్చను గుర్తించుట కష్టము. నార్వేకు చెందిన హాన్సెన్ 1873లో ఈ వ్యాధికి సూక్ష్మజీవి కారణమని కనుగొన్నాడు. 1981లో ప్రపంచ ఆరోగ్య సంస్థ బహుళ ఔషధ చికిత్సను సూచించింది. ఆ మందులు ప్రభుత్వ ఆసుపత్రులలో ఉచితము. మందులు మొదలుపెట్టిన కొద్ది రోజులలోనే ఇతరులకు అంటించే శక్తి పోతుంది. అయినా మన చట్టములలో కుష్టు విడాకులకు ఒక కారణముగా 2019 వరకు నిలిచిఉంది. చట్టములకే అంత కాలము పట్టినప్పుడు ఆ తల్లి భయమును తప్పుపట్టలేను.

పెళ్ళి వాయిదా పడింది. ఆరు నెలలు మందులు, నరమునకు స్టీరాయిడు ఇచ్చాము. మచ్చ మానింది, వ్యాధి నయమయింది. ఎడమ రెప్ప మాత్రము పూర్తిగా కోలుకోలేదు. నిద్రలో ఆ కన్ను కొద్దిగా తెరచుకొని ఉంటుంది, ఎండిపోకుండా రోజూ చుక్కలు వేసుకోవాలి. ఎనిమిది నెలల ముందు వచ్చి ఉంటే ఆ రెప్పను కాపాడగలిగేవారమని నా నమ్మకము. ఆమె చేసిన తప్పు లేపనము పూసుకొనుట కాదు. చూపించుకోకుండా పూసుకొనుట.

అందుచేత పాఠకులకు నా విన్నపము. క్రొత్తగా వచ్చిన ఏ మచ్చనైనా కప్పేముందు ఒకసారి వైద్యునికి చూపించండి. స్పర్శ తగ్గిన మచ్చను, పెరుగుతున్న లేక రంగు, అంచులు మారుతున్న పుట్టుమచ్చను, మానని పుండును దాచవద్దు. శిశువు కంటి చుట్టూ, నుదుటిపై ఎర్రని పుట్టుమచ్చ ఉంటే నేత్రవైద్యునికి కూడా చూపించండి. అట్టి పిల్లలలో కొందరికి కంటిలో ఒత్తిడి పెరగవచ్చు, మూర్ఛలు రావచ్చు. బొల్లికి నేడు కాంతి చికిత్స, పూత మందులు, చర్మపు అతుకులు ఉన్నాయి.

రోగము ఏదో తెలిసి, చికిత్స మొదలైన తరువాత మచ్చను కప్పుకొంటారో, అలాగే ఉంచుకొని తిరుగుతారో అది మీ ఇష్టము. రెండింటిలోనూ సిగ్గుపడవలసినది లేదు. ఇంటిలో ఎవరైనా తమ ముఖముపై మచ్చను దాచుకొంటున్నారని గమనిస్తే, “ఎందుకు దాచావు?” అని నిలదీయవద్దు. “రేపు ఆసుపత్రికి వెళ్దాము, నేను తోడు వస్తాను” అనండి.